లైసెన్సు కూడా ఒక అమానతే

 



కొద్ది రోజుల క్రితం ఇషా నమాజు తరువాత ఒక తండ్రి నా వద్దకు వచ్చారు. ఆయన అనుమతితోనే, పేరు చెప్పకుండా ఈ విషయం ప్రస్తావిస్తున్నాను. ఆయన కుమారుడు ఆటో నడుపుతాడు. మద్యం సేవించి నడుపుతూ పట్టుబడ్డాడు. పోలీసులు లైసెన్సును స్వాధీనం చేసుకున్నారు. “హజ్రత్, వాడికిది మొదటిసారి. మీరు ఒక్క మాట చెబితే లైసెన్సు తిరిగి ఇచ్చేస్తారు. ఇంటిల్లిపాదీ వాడి సంపాదన మీదే బతుకుతున్నాం” అంటూ ఆయన కన్నీరు పెట్టుకున్నారు. నేను ఆ మాట చెప్పలేదు. ఎందుకు చెప్పలేదో ఈ రోజు మీకు విన్నవిస్తాను.

ముందు చట్టం ఏమంటున్నదో తెలుసుకుందాం. 100 మిల్లీలీటర్ల రక్తంలో మద్యం 30 మిల్లీగ్రాములు మించితే, మోటారు వాహనాల చట్టం 185వ సెక్షను ప్రకారం అది నేరం. మొదటి తప్పుకు ఆరు నెలల వరకు జైలు, లేదా 10,000 రూపాయల జరిమానా, లేదా రెండూ విధించవచ్చు. 2019 సవరణ ప్రకారం పోలీసులు లైసెన్సును స్వాధీనపరచుకొని రవాణా అధికారులకు పంపుతారు. అధికారి అతని వివరణ విన్న తరువాత మూడు నెలలపాటు డ్రైవింగుకు అనర్హుడిగా ప్రకటించవచ్చు. గడువు ముగిసినా, నిర్ణీత పునశ్చరణ శిక్షణ పూర్తి చేస్తేనే లైసెన్సు చేతికి వస్తుంది. ఆ గడువులో వాహనం నడిపితే అది మరో నేరం. రెండవసారి మద్యంతో పట్టుబడి శిక్ష పడితే లైసెన్సే రద్దవుతుంది.

“మొదటిసారే కదా” అని మనం తేలికగా అంటాం. 2025 అక్టోబరు 24, శుక్రవారం తెల్లవారుజామున మన పొరుగున కర్నూలు సమీపంలోని చిన్నటేకూరు వద్ద జరిగిన ఘోరాన్ని మరచిపోగలమా? ఒక మోటారు సైకిలు అదుపు తప్పి రోడ్డు మీద పడింది. వెనుక వచ్చిన బస్సు దానిని ఈడ్చుకుపోయింది. మంటలు చెలరేగి 19 మంది ప్రయాణికులు సజీవ దహనమయ్యారు. మోటారు సైకిలు నడిపిన యువకుడూ మరణించాడు. అతడు మద్యం సేవించి ఉన్నాడని పరీక్షలో తేలినట్లు పోలీసులు ప్రకటించారు. ఆ దుర్ఘటనలో ఇతరుల లోపాలు కూడా ఉండవచ్చు. వాటిని విచారించేవారు విచారిస్తారు. మనం నేర్వవలసింది ఒక్కటే: రోడ్డు మీద ఒకరి మత్తు ఆ ఒక్కరితో ఆగదు.

మన షరీఅతులో 30 మిల్లీగ్రాముల లెక్క లేదు. ఒక్క చుక్క కూడా నిషిద్ధమే. అల్‌ మాఇదా సూరా ఆయతులు అవతరించినప్పుడు మదీనా వాసులు తమ ఇళ్లలోని మద్యాన్ని వీధుల్లో పారబోశారు. “ఇదే చివరిసారి” అని ఒక గుక్క తాగినవారు కాదు వారు. పైగా, లైసెన్సు ఒక కార్డు మాత్రమే కాదు. ఆటో ఎక్కే పసిపిల్లల ప్రాణాలు, మన ఊరి మీదుగా సాగే కర్నూలు–కడప రహదారిపై ఎదురయ్యేవారి ప్రాణాలు డ్రైవరు చేతిలో ఉంచిన అమానతు అది. అమానతులో ద్రోహం చేసినవాడు దానిని కొంతకాలం కోల్పోవడం అన్యాయం కాదు.

ఇక సిఫారసు సంగతి. మఖ్జూమ్ వంశపు స్త్రీ దొంగతనం చేసి పట్టుబడినప్పుడు, పెద్ద వంశం కనుక శిక్ష తప్పించమని హజ్రత్ ఉసామా (రజి) ద్వారా సిఫారసు చేయించారు. దైవప్రవక్త (స) తీవ్రంగా ఆగ్రహించారు. తన కుమార్తె ఫాతిమా అయినా న్యాయం ఒకటేనని స్పష్టం చేశారు. ఉసామా అంతటి ప్రియమైనవారికే దక్కని మినహాయింపును, ఒక ఫోను మాటతో మనం కోరుకోవచ్చునా?

అయితే సోదరులారా, ఫోను చేయకపోవడంతో నా బాధ్యత తీరలేదు, మీదీ తీరదు. మద్యం తాగి శిక్ష పొందిన ఒక వ్యక్తిని కొందరు శపించినప్పుడు, సోదరునికి వ్యతిరేకంగా షైతానుకు తోడ్పడవద్దని దైవప్రవక్త (స) వారించారు. తప్పు చేసినవాడు శిక్ష అనుభవించాలి, కానీ ఒంటరి కాకూడదు. ఆ తండ్రితో నేను ఇలా అన్నాను: “లైసెన్సు కోసం నేను రాను. మీ అబ్బాయితో కలిసి అధికారి ముందుకు వస్తాను, నిజం చెప్పమంటాను. ఈ మూడు నెలలూ మీ పొయ్యి ఆరిపోకుండా బైతుల్‌మాల్ నుంచి బియ్యం, పప్పు పంపుతాం.” మీలో దుకాణాలున్నవారు, రాళ్ల పని చేయించేవారు ఆ యువకునికి వాహనం నడపనక్కరలేని పని ఇవ్వండి. రాత్రివేళ అతడిని మళ్లీ ఆ సీసా వద్దకు పిలిచే మిత్రులారా, ఇకనైనా అతడిని మసీదుకు పిలవండి.

ఆ మూడు నెలలు కేవలం శిక్షాకాలం కాదు, తౌబాకు లభించిన వ్యవధి కూడా. చిన్నటేకూరులో ఆ వ్యవధి ఎవరికీ దొరకలేదు.

ఓ అల్లాహ్! మా యువకులను మత్తు నుంచి కాపాడు. మా చేతుల వల్ల ఏ ఇంటి దీపమూ ఆరకుండా రక్షించు. ఆమీన్.