దిగమన్నా మళ్ళీ వచ్చారు
(స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)

 

ఇంజినీరుగా ఉద్యోగం చేసుకుంటూనే పన్నెండేళ్లుగా ఏటా శీతాకాలంలో మనవాళ్లను హిమాలయాలకు ట్రెక్కింగుకు తీసుకెళ్తున్నాను. "పత్తి చేలల్లో పెరిగినవాడికి మంచు కొండలేమిట్రా?" అని మీరే అడుగుతుంటారు. నిజమే, మన ఊళ్లో ఎత్తైన చోటంటే చెరువు కట్టే. అయితే ఈ పనిలో కొండ ఎక్కడం కన్నా మనతో వచ్చినవాళ్ల నమ్మకం నిలుపుకోవడం కష్టం. దాని గురించే నాలుగు మాటలు చెబుతాను.

మొదట్లో ఒకసారి ఉత్తరాఖండ్‌లోని కేదార్‌కంఠకు పదకొండు మందిని తీసుకెళ్లాను. శిఖరం ఎత్తు దాదాపు 12,500 అడుగులు. మా జట్టులో గుంటూరు మిర్చి యార్డు కమిషన్ వ్యాపారి ఒకాయన ఉన్నారు, నాకన్నా పెద్దవారు. చివరి క్యాంపులో రాత్రి ఆయన అన్నం ముట్టలేదు. తలనొప్పి ఉందా అంటే లేదన్నారు. నేనూ రెట్టించి అడగలేదు. అందరినీ శిఖరం ఎక్కించానని చెప్పుకోవాలన్న యావ నాది.

తెల్లవారుజామున గంట నడిచామో లేదో ఆయన కాళ్లు తడబడ్డాయి, వాంతి అయింది. అక్కడి గైడు, పాతికేళ్ల కుర్రాడు, దిగాల్సిందే అన్నాడు. "డబ్బు కట్టాను. పైకి తీసుకెళ్లడం నీ పని" అని ఆయన నామీద విరుచుకుపడ్డారు. మిగతావాళ్లను రెండో గైడుతో పంపి, మేమిద్దరం ఆయన్ని పట్టుకుని దిగాం. దారంతా నాతో మాట్లాడలేదు. దిగేకొద్దీ తేరుకున్నారు. ఎత్తు వల్ల వచ్చే జబ్బుకు దిగడమే అసలు మందు.

ఆ సాయంత్రం "తప్పు నాదండీ. రాత్రే గట్టిగా అడగాల్సింది" అన్నాను. ఆయన కాసేపు ఊరుకుని, "తలనొప్పి రాత్రే ఉందయ్యా. చెబితే ఆపేస్తావని దాచాను" అన్నారు. నిజం చెబితే నష్టపోతానని ఆయన అనుకునేలా చేసింది నేనే.

అప్పటి నుంచి పద్ధతి మార్చాను. బయల్దేరక ముందే ఒక్కొక్కరి ఆరోగ్యం వివరంగా అడుగుతాను. కుదరదనిపిస్తే డబ్బు తీసుకోను. దిగినవాళ్లకు తోడు మనిషి ఉంటాడని మొదటిరోజే చెబుతాను. రాత్రిపూట ప్రతి ఒక్కరి దగ్గరా కూర్చుని, ముందు నా ఒంట్లో ఎలా ఉందో చెప్పి, తర్వాత వాళ్లను అడుగుతాను. కొండమీద స్థానిక గైడుదే చివరి మాట, నాది కాదు.

2014 మే 25న గురుకుల విద్యార్థులు మాలావత్ పూర్ణ, ఆనంద్ కుమార్ ఎవరెస్టు ఎక్కారు. పూర్ణకు అప్పటికి పద్నాలుగేళ్లు నిండలేదు. శేఖర్ బాబు శిక్షణలో వాళ్ల సాధన మొదలైంది భువనగిరి రాతికొండ మీద. తాడు పట్టుకున్న మనిషిని నమ్మడం అలాంటి చిన్న కొండల మీదే అలవాటవుతుంది.

రెండేళ్ల తర్వాత ఆ పెద్దాయన కొడుకును వెంటబెట్టుకొచ్చారు. "మావాణ్ణి నీకు అప్పజెబుతున్నా. మా కొట్టుకు రైతులు ముప్పయ్యేళ్లుగా టిక్కీలు ఎందుకు వేస్తున్నారనుకున్నావు? ధర పడినరోజు పడిందనే చెప్పాను గనుక" అన్నారు.

ఆ మాట వింటే మన లెక్కల మాస్టారు గుర్తొచ్చారు. తెలియదన్నవాణ్ణి ఆయన ఏనాడూ కొట్టలేదు. తెలుసని అబద్ధమాడినవాణ్ణే బెంచీ ఎక్కించేవారు. ఆ బెంచీ నేనూ ఎక్కాను మాస్టారూ. పాఠం కొంచెం ఆలస్యంగా అర్థమైంది.

సెలవు.