వాది పలుకలేదు

కొండపల్లినుండి బెజవాడ కోర్టులకు తిరుగు కక్షిదారు ఎవరైన “దావా కొట్టివేసిరి” అని చెప్పినచో, మొదట అడుగవలసిన ప్రశ్న ఒకటి కలదు: విచారించి కొట్టివేసిరా, విచారింపకయే కొట్టివేసిరా? మన వాడుకలో రెంటికిని మాట ఒక్కటే. దానివలన కలుగు నష్టము మాత్రము చిన్నది కాదు.

వాయిదానాడు బంట్రోతు వరండాలో నిలిచి పేరు పెట్టి పిలుచును. వాది పలుకడు. వకీలు లేడు. ప్రతివాది వచ్చియుండి, దావా ఒప్పుకొననని చెప్పును. అప్పుడు 1908వ సంవత్సరపు సివిల్ ప్రొసీజరు కోడు 9వ ఆర్డరు 8వ రూలు ప్రకారము, గైర్హాజరు కారణముగా దావా కొట్టివేయబడును. సాక్షిని విచారింపలేదు, దస్తావేజు విప్పలేదు, పొలము ఎవరిదో తేల్చలేదు. అయినను వార్త ఊరు చేరునప్పటికి “ఓడిపోయినాడు” అని మారును. ఆ మాట తానును నమ్మి, మరల కోర్టు మెట్లెక్కనివారు ఎందరో!

ఇంత కఠినమేల యందురేమో. ఎదుటివానిని ఎంతకాలము నిలిపియుంచగలము? వ్యాజ్యము తేలువరకు ఎదురుచూచుట ఎట్టిదో కొండపల్లివారికి వేరుగ చెప్పనక్కరలేదు. 2021 నవంబరులో వారి పురపాలక సంఘపు 29 వార్డులలో రెండు పక్షములకు చెరి 14, స్వతంత్ర అభ్యర్థికి ఒకటి వచ్చినవి. అధ్యక్ష పదవి వివాదము హైకోర్టుకెక్కినది. ఓటింగు జరిగియు, ఫలితము 2025 జూను వరకు వెల్లడి కాలేదు.

ఇక మందు సంగతి. రాకపోవుటకు తగిన కారణము చూపి, అఫిడవిటుతో అర్జీ పెట్టుకొన్నచో, 9వ రూలు క్రింద పాత దావానే మరల నెంబరుకు తెచ్చుకొనవచ్చును. జ్వరము, బస్సు తప్పుట, తేదీ పొరబాటు వంటివి నిజమైనచో దాచనక్కరలేదు. కాగితముతో ఋజువు చేయవలెను. చిత్రమేమన, ఇద్దరును రాకపోయినచో వాదికి కొంత మేలు: కాలదోషము పట్టనియెడల క్రొత్త దావాయే వేసికొనవచ్చును. ఎదుటివాడు వచ్చి తాను రానివానికి ఆ దారి మూసియున్నది.

మరి తప్పు వకీలుదైనచో? 1981లో రఫీక్, మున్షీలాల్‌ల కేసులో, వకీలు రాని దోషమునకు నిర్దోషియగు కక్షిదారుని బలిచేయరాదని సుప్రీంకోర్టు తలచినది. కాని 1993లో సలీల్ దత్తా కేసులో అదే న్యాయస్థానము, భారమంతయు వకీలుపై నెట్టి తప్పుకొనుట ఎల్లవేళల చెల్లదని హెచ్చరించినది. నా మట్టుకు రెండవ మాటయే కక్షిదారు గుర్తుంచుకొనదగినదిగా తోచుచున్నది.

నేడు ప్రతి కేసునకును సి.ఎన్.ఆర్. అను 16 అక్షరాంకెల గుర్తు కలదు. అది వ్రాసియుంచుకొన్నచో, తదుపరి వాయిదా ఎన్నడో ఇంటిలోని పిల్లలు ఫోనులో చూచి చెప్పగలరు. కొట్టివేసినట్లు కనబడినచో మాత్రము జాగు కూడదు. అర్జీకి గడువు 30 దినములే. ఆలస్యమునకు క్షమాపణ అడుగవచ్చును గాని, దొరకునను హామీ లేదు. ఆ 30 దినముల లెక్కయు కొట్టివేసిన తేదీనుండియే గాని, మనకు తెలిసిన తేదీనుండి కాదు.