షురికెన్ మన చురికేనా?

(సూరత్, ఉన్‌లో తెలుగు మాజీ సైనికులు, నేత కుటుంబాలు కలుసుకున్న సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఈ రోజు ఒక ఆయుధం పేరు గురించి నాలుగు మాటలు మనవి చేస్తాను. అది మన ఆయుధం కాదు, జపాను వాళ్ళది. పేరు షురికెన్. పెద్దవాళ్ళకి ఆ పేరు కొత్త కావచ్చుగాని, ఇక్కడున్న పిల్లల్ని అడగండి, టక్కున చెబుతారు. నింజా బొమ్మల కథల్లో నక్షత్రంలాగా నాలుగు మొనలతో గిర్రున తిరుగుతూ పోతుందే, అదే.

దీని గురించి మన వాళ్ళలో ఒక మాట తిరుగుతోంది. "షురికెన్ అంటే మన చురికే. మన మాటే జపాను పోయి అలా మారింది" అని. వినడానికి బాగుంటుంది. చురిక అంటే పొట్టికత్తి, షురికెన్ అంటే విసిరే కత్తి. శబ్దం కలిసింది, అర్థం కూడా కలిసినట్టే ఉంది. ఇంకేం కావాలి అనిపిస్తుంది. కాని ఆ మాట నిజం కాదు. ఎందుకు కాదో చెప్పడమే నా పని. పెద్దవాళ్ళం మనం చెప్పిన మాటను పిల్లవాడు బడిలో నలుగురి ముందు చెబుతాడు. అక్కడ అది తప్పని తేలితే చిన్నబోయేది వాడు. ఆ తరవాత మనం చెప్పే నిజాలను కూడా వాడు నమ్మడు.

స్టోర్సులో పనిచేసిన వాళ్ళకి ఒక సంగతి బాగా తెలుసు. ఇండెంటు మీద వస్తువు పేరు ఒక్క అక్షరం తేడాగా రాస్తే, వచ్చేది వేరే వస్తువు. పేరు దగ్గరగా ఉందని సామాను తీసుకోం. పార్టు నంబరు చూస్తాం, విప్పి చూస్తాం. మాటల విషయంలోనూ అదే పద్ధతి. పేరును ముక్కలుగా విప్పి చూడాలి.

షురికెన్ అనే పేరులో మూడు ముక్కలున్నాయి: షు, రి, కెన్. జపాను వాళ్ళు దీన్ని చీనా నుంచి తెచ్చుకున్న మూడు లిపి గుర్తులతో రాస్తారు. ఒక్కొక్క గుర్తుకు ఒక్కొక్క అర్థం ఉంది.

మొదటిది 'షు', అంటే చెయ్యి. మనకు చెయ్యి అనే సొంత మాట, కరం అనే సంస్కృతం మాట రెండూ ఉన్నట్టే, వాళ్ళకు అదే గుర్తుకు 'తె' అనే సొంత మాట, 'షు' అనే చీనా నుంచి వచ్చిన మాట ఉన్నాయి. ఆ 'తె' మీ అందరికీ తెలిసినదే. కరాటే అనే మాటలో చివర ఉన్నది అదే. 'కర' అంటే ఖాళీ, 'తె' అంటే చెయ్యి, కలిపితే వట్టి చెయ్యి. ఇక్కడ కూడా జాగ్రత్త. కరాటేలో 'కర' కనిపించింది కదా అని అది మన కరం అనుకుంటే, ఖాళీని తీసుకొచ్చి చెయ్యి అన్నట్టవుతుంది.

మూడోది 'కెన్', అంటే కత్తి. కెండో అనే ఆట పేరులో ఉన్న 'కెన్' ఇదే. కెండో అంటే కత్తి మార్గం.

మధ్యలో ఉన్న 'రి' ఈ సభలో బట్టల వాళ్ళకి బాగా నచ్చుతుంది. ఆ గుర్తులో వస్త్రం అనే బొమ్మను పైకీ కిందికీ విడదీసి, మధ్యలో 'రి' అనే ధ్వని చెప్పే గుర్తును పెట్టారు. దాని మొదటి అర్థం బట్ట లోపలి వైపు, అంటే మన దర్జీలు అస్తరు అంటారే, అది. దాని నుంచే లోపల, వెనక, మరుగున అనే అర్థాలు వచ్చాయి. కాబట్టి షురికెన్ అంటే చేతి లోపలి కత్తి, అరచేతి మాటున దాగిన కత్తి.

ఇప్పుడు మన చురికను విప్పుదాం. సంస్కృతంలో క్షురం అంటే మంగలి కత్తి. క్షురకుడు అనే మాట దాని నుంచే వచ్చింది. క్షురిక అంటే చిన్న కత్తి. అదే చురిక అయింది. హిందీ ఛురీ, గుజరాతీ ఛరీ కూడా ఈ బంధువర్గమే. ఈ మాట మొత్తంగా కత్తి. ఇందులో చెయ్యి లేదు, అస్తరు లేదు. షురికెన్‌లో కత్తి అనే అర్థం చివరి 'కెన్'లో ఉంది. చురికతో కలిసే 'షురి'లో అసలు కత్తే లేదు. అక్కడితో చుట్టరికం తెగిపోయింది.

శబ్దం కలవడం ఎంత మోసమో ఇంకో ఉదాహరణ చెబుతాను. ఇప్పుడే అస్తరు అన్నాను. అది పారశీకం నుంచి వచ్చిన మాట. అస్త్రం సంస్కృతం. రెంటికీ ఒక్క రకారం ఇటూ అటూ తేడా. అంతమాత్రాన చొక్కా లోపలి గుడ్డ బాణమైపోతుందా? మనం కూర్చున్న ఈ ఉన్ పేరే చూడండి. గుజరాతీలో ఊన్ అంటే ఉన్ని. ఆ ఊన్‌కీ మన ఉన్నికీ సంస్కృతం ఊర్ణ మూలం కాబట్టి ఆ రెండూ నిజమైన చుట్టాలే. అలాగని ఊరి పేరు వినగానే ఇక్కడ గొర్రెల మందలుండేవని కథ అల్లకూడదు. దారి చూపించగలిగితేనే చుట్టరికం.

సరే, పేరు తేలింది. ఆ పేరు మనకేం చెబుతోంది? గమనించండి, అందులో నక్షత్రం లేదు. ఎగరడం లేదు, విసరడం కూడా లేదు. ఉన్నది చెయ్యి. షురికెన్ అంటే నక్షత్రం ఆకారం ఒక్కటే కాదు. బో షురికెన్ అని, నిట్రాడైన ఇనుప మేకులాంటిది ఒక రకం. చేతిలో ఇమిడిపోయేది, పేరుకు సరిగ్గా సరిపోయేది అదే. నెగిషి, షిరాయి అనే సంప్రదాయాల్లో నేర్పేది ఈ రకాన్నే. అంటే ఇది నింజాల ఒక్కరి సొత్తు కాదు, సమురాయి యోధుల విద్యల్లోనూ ఉంది. కత్తి దూసేలోపు ఎదుటివాడిని క్షణంపాటు తడబడేలా చేయడానికి వాడే సహాయక ఆయుధం. రేకులాగా చదునుగా, మొనలతో ఉండే రెండో రకానికి షకెన్ అని ఇంకో పేరుంది. 'ష' అంటే బండి చక్రం. చక్రకత్తి అన్నమాట.

ఇంకో ముచ్చట. జపాను భాషలో షురికెన్‌ను విసిరాడు అనడం కన్నా కొట్టాడు అనడమే సరైన వాడుక. మన వాళ్ళూ అంతే కదా! "రాయి పెట్టి కొట్టాడు", "వడిసెలతో కొట్టాడు" అంటాం. మాటకు చుట్టరికం లేకపోయినా ఆలోచన ఒకటే అయింది. చెయ్యి వదిలినా దెబ్బ ఆ చేతిదే.

విసిరే ఆయుధానికి మనకు పేర్లు తక్కువా? శస్త్రం, అస్త్రం అని మన వాళ్ళు రెండుగా విడదీశారు. శస్త్రంలోని ధాతువుకు కోయడం, హింసించడం అని అర్థం. శస్త్రచికిత్సలో ఉన్నది అదే. అస్త్రంలోని ధాతువుకు విసరడం అని అర్థం. చేత పట్టుకుని కొట్టేది శస్త్రం, చెయ్యి వదిలి పోయేది అస్త్రం. మన డీఆర్‌డీవో తయారు చేసిన, విమానం నుంచి విమానం మీదికి పోయే క్షిపణికి అస్త్ర అని పేరు పెట్టారు. దాన్ని తయారు చేసేది హైదరాబాదులో 1970లో పెట్టిన భారత్ డైనమిక్స్. 2022 మే నెలలో రక్షణ శాఖ ఆ సంస్థతో 2,971 కోట్ల రూపాయల ఒప్పందం చేసుకుంది. ఇక సిక్కు రెజిమెంటు బ్యాడ్జీ చూసిన వాళ్ళకి అందులో సింహం చుట్టూ ఉన్న చక్రం గుర్తుండే ఉంటుంది. అది అలంకారం కాదు. అంచు పదునుగా ఉండే విసురు చక్రం. నిహంగులు దాన్ని తలపాగా మీద ధరిస్తారు.

మన పల్లెల్లో వడిసెల ఉంది. గుజరాతు రైతులు గోఫణ్ అంటారు. జొన్నచేలో మంచె మీద నిలబడి పిట్టల్ని తోలడానికి వాడేది. తెలంగాణ సాయుధ పోరాటంలో, 1946 నుంచి 1951 వరకు, తుపాకులు లేని ఊళ్ళు వడిసెల రాళ్ళతో, కారప్పొడితో ఎదురు నిలిచాయి. ఈ సభలో ఉన్న కుటుంబాల్లో చాలామంది తాతలు ఆ జిల్లాల వాళ్ళే. మన పిల్లలకు షురికెన్ తెలిసి వడిసెల తెలియకపోతే, తప్పు షురికెన్‌ది కాదు, చెప్పని మనది.

మగ్గాల వాళ్ళకి ఇంకోటి చెప్పకుండా ముందుకు పోలేను. సూరత్‌లో రేపియర్ మగ్గాలు మీకు తెలుసు. రేపియర్ అంటే యూరపు వాళ్ళ సన్నని పొడుగు కత్తి. పోగును పట్టుకుని కత్తి దూసినట్టు లోపలికి పోతుంది, మళ్ళీ వెనక్కి వస్తుంది. మగ్గాన్ని వదలదు. ఇంకో రకం ప్రొజెక్టైల్ మగ్గం. 1950ల్లో స్విట్జర్లాండు సుల్జర్ కంపెనీ బజారులోకి తెచ్చింది. అందులో సుమారు 40 గ్రాముల ఉక్కు ముక్క పోగును పట్టుకుని తూటాలాగా ఈ కొస నుంచి ఆ కొసకు ఎగురుతుంది. మన లెక్కలో రేపియర్ శస్త్రం, ప్రొజెక్టైల్ అస్త్రం. వీటన్నిటికీ ముందు, 1733లో జాన్ కే ఎగిరే నాడె కనిపెట్టక ముందు, సాలెవారు నాడెను ఒక చేత్తో విసిరి ఇంకో చేత్తో పట్టుకునేవారు.

మరి జపానుకూ మనకూ నిజమైన సంబంధమే లేదా? ఉంది, గట్టిగానే ఉంది. బౌద్ధంతో పాటు సంస్కృత అక్షర విద్య అక్కడికి చేరింది. జపాను పిల్లలు ఈనాటికీ అ, ఇ, ఉ, ఎ, ఒ అని మొదలుపెట్టి, క, స, త, న, హ, మ, య, ర, వ అని చదువుతారు. ఆ వరుసలో మన అక్షరమాల పోలిక వినబడుతోంది కదా. జపాను యోధులు కొలిచిన మరిషితెన్ అనే దేవత మన బౌద్ధుల మరీచి. దారి చూపించగల చుట్టరికాలు ఇన్ని ఉండగా లేని చుట్టరికం మనకెందుకు?

చివరగా తల్లిదండ్రులకు ఒక మనవి. పేరు ముద్దుగా ఉందని ఇది ఆటవస్తువు కాదు. ఇంగ్లండు 1988లో చేసిన ఉత్తర్వులో షురికెన్, షకెన్, మృత్యు నక్షత్రం అనే మూడు పేర్లూ రాసి మరీ దాని అమ్మకాన్ని నిషేధించింది. ఏ పేరు చెప్పుకుని తప్పించుకోవడానికీ వీలు లేకుండా, మూడు గాని అంతకన్నా ఎక్కువ గాని మొనలున్న, విసరడానికి చేసిన గట్టి పలక అని వర్ణన కూడా ఇచ్చింది. ఇనుప రేకు నక్షత్రం మీ ఇంట్లో కనిపిస్తే తీసి పక్కన పెట్టండి. కన్ను పోతే ఏ పేరుతో పిలిచినా తిరిగి రాదు. బదులుగా ఆ పేరు విప్పి చెప్పండి. చెయ్యి, అస్తరు, కత్తి. ఆ తరవాత వడిసెల గురించి, అస్త్రం గురించి చెప్పండి. సైనికులమైన మనకు ఈ విషయం వేరే చెప్పనక్కరలేదు. ఆయుధం చేతి లోపల ఉన్నంత సేపే మన మాట వింటుంది.

 జై హింద్.