స్కాట్లండు రాజకుమారి మార్గరెట్టు



రాజుల చరిత్రలు గ్రంథముల నిండ కలవు. రాజకుమార్తెల చరిత్రలు తరచుగా వివాహముతో మొదలై మరణముతో ముగియు రెండు పంక్తులుగనే మిగులుచుండును. అట్టి రెండు పంక్తుల వెనుక ఒక కవయిత్రి దాగియున్నదని తెలుపునది స్కాట్లండు రాజకుమారి మార్గరెట్టు కథ.

బ్రిటను ద్వీపమున ఉత్తరభాగము స్కాట్లండు. ఆ దేశమునకు రాజైన మొదటి జేమ్సు బాల్యముననే ఆంగ్లేయులకు చిక్కి, 18 సంవత్సరములు బందీగా నుండి, 1424లో విడుదల నందెను. చెరలో నాతడు విద్య నేర్చి కవి యయ్యెను. ‘రాజుగారి పుస్తకము’ అని యర్థము గల ‘కింగిస్ క్వేర్’ కావ్యము అతని రచనగా ప్రసిద్ధము. ఆ సంవత్సరాంతముననే అతనికి జ్యేష్ఠపుత్రికగా మార్గరెట్టు జన్మించెను.

ఆ కాలమున ఫ్రాన్సునకును ఇంగ్లండునకును దీర్ఘయుద్ధము సాగుచుండెను. శత్రువునకు శత్రువు మిత్రుడను నీతి ననుసరించి ఫ్రాన్సు స్కాట్లండు స్నేహమును కోరెను. 1428లో ఫ్రెంచి రాయబారులు వచ్చి, తమ యువరాజు లూయీకి మార్గరెట్టు నడిగిరి. అప్పటి కామెకు నాలుగేండ్లు నిండలేదు. 1436లో ఆమె ఓడ నెక్కి ఫ్రాన్సు చేరెను. జూను 25వ తేదీని తూర్ నగరమున వివాహము జరిగెను. వధువునకు పదకొండేండ్లు, వరునకు పదమూడేండ్లు ఇంకను నిండలేదు. మరుసటి యేడు ఫిబ్రవరిలో ఆమె తండ్రి పెర్తు నగరమున ద్రోహులచే హతు డయ్యెను. ఆమె మరల పుట్టినిల్లు చూడలేదు.

మామగారైన ఏడవ చార్లెసు రాజు కోడలిని ఆదరించెను. భర్త యాదరము మాత్ర మామెకు లభింపలేదు, సంతానమును కలుగలేదు. ఆమెకు ఊరట కవిత్వమే. చెలికత్తెలలోను కవిత్వము చెప్పువా రుండిరి. పల్లవి మరల మరల వచ్చు ‘రాండో’ అను చిన్న గేయములను ఆమె తెల్లవారవచ్చువరకు అల్లుచుండెడిది.

కొలువులో జామె ద తిల్లే అను నుద్యోగి యుండెను. ఒకనాటి రాత్రి ఆమె గదిలో దీపములు వెలిగింపకుండుట చూచి, అతడామె శీలమునకు కళంకము తెచ్చు మాటలు వ్యాపింపజేసెను. ఆ మాట లామె చెవిని బడి మనస్సును క్రుంగదీసెను.

1445 ఆగస్టులో షాలోన్ నగరము చెంత, మిక్కిలి యెండలో, ఆమె మామగారితో కాలినడకను పుణ్యక్షేత్రమునకు పోయి వచ్చి, చల్లని గదిలో పైవస్త్రములు తీసి విశ్రమించెను. జ్వరము తగిలెను, ఊపిరితిత్తులు చెడెను. రాత్రులు మేల్కొని గేయములు వ్రాయుటయే వ్యాధికి మూలమని వైద్యులు చెప్పుచున్నారని తిల్లే రాజునకు విన్నవించెను. తానే దోషమును ఎరుగనని ఆమె మరణశయ్యపై ప్రమాణము చేసెను. పురోహితులు పలుమారులు వేడగా ఎట్టకేల కతనిని క్షమించెను. ఆగస్టు 16వ తేదీని ఇరువదవ యేట కన్నుమూసెను.

తరువాత విచారణ జరిగెను. సాక్షుల వాఙ్మూలములను లేఖకులు వ్రాసికొనిరి. అవి నిలిచినవి. ఆమె గేయములలో ఒక్కటియు నిలువలేదు. ఆమె కవయిత్రి యను సంగతిని లోకమునకు ముఖ్యముగా తెలిపినవి నిందించినవాని మాటలే!

మరణానంతరమును కట్టుకథ లామెను విడువలేదు. నిద్రించుచున్న అలాన్ షార్తియే మహాకవిని ఆమె ముద్దిడెనని తరువాతివారు వ్రాసిరి. ఆమె ఫ్రాన్సులో నడుగిడుటకు చాల ముందే, 1430 ప్రాంతమున, ఆ కవి మరణించెను. 1428లో స్కాట్లండు వచ్చిన రాయబారులలో అతడొకడు. అప్పటికామె పసిబిడ్డ.

చెల్లెలు ఎలియనోరు భాగ్యము వేరు. ఆమె ఆస్ట్రియా ప్రభువును వివాహమాడెను. ఒక ఫ్రెంచి కథాగ్రంథమును జర్మను భాషలోనికి తెచ్చెనని ప్రసిద్ధి. ఆ గ్రంథము 1483లో అచ్చుపడెను, నేటికిని కలదు. అక్క గేయములకు ప్రతి వ్రాసి దాచినవారు లేకపోయిరి.

గ్రంథాలయము పెద్దల గ్రంథములకు మాత్రమే నిలయము కారాదు. ఇరువదియైదేండ్లు నిండిన ఈ గ్రంథాలయపు బీరువాలో ఈ గ్రామపు స్త్రీలు పాడు పాటలకును, బాలికలు వ్రాసికొను పద్యములకును ఒక అర కేటాయింపుడు. పాడినవారి పేరు, వ్రాసిన తేదీ చేర్చి భద్రపరచుడు. ఈ రజతోత్సవమునకు అంతకంటె తగిన కానుక లేదు.