కోర్టు ఫీజు పేరుతో ఆడబిడ్డ వాటా ఆపొద్దు

(మండల రైతు సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



గిట్టుబాటు ధర గురించి, కాలువ నీళ్ల గురించి మనం ఎప్పుడూ మాట్లాడుకుంటాం. ఈ రోజు మన ఇళ్లల్లో నలుగుతున్న సంగతి చెబుతాను. భూమి పంపకాల దావా, అందులో కోర్టు ఫీజు తగాదా.

నా సంగతే చెబుతాను. నాన్న పోయాక మా చెల్లెలు వాటా అడిగింది. ఇవాళ, రేపు అంటూ తిప్పాను. చివరికి దావా వేసింది. అప్పుడు తెలిసినాయన ఒకరు సలహా ఇచ్చారు: "ఆమె అత్తారింట్లో ఉంది, భూమి ఆమె స్వాధీనంలో లేదు. మార్కెట్ విలువ మీద ఫీజు కట్టాలని అడ్డం వెయ్యి. అంత డబ్బు తేలేక తనే మానుకుంటుంది." అలాగే వేశాను. ఏడాది పైన వాయిదాలు తిరిగాం. చివరికి నా అభ్యంతరం కొట్టేశారు.

ఎందుకు కొట్టేశారో వినండి. మన రెండు రాష్ట్రాల్లో నడిచేది 1956 నాటి కోర్టు ఫీజులు, దావాల విలువ నిర్ణయ చట్టం. అందులో 34వ సెక్షన్ పంపకాల దావాలది. ఉమ్మడి స్వాధీనంలో ఉన్నానని వేసే దావాకు కొద్దిపాటి స్థిర ఫీజు చాలు. భూమి నుంచి వెళ్లగొట్టారని వేసే దావాకైతే వాది వాటా మార్కెట్ విలువను బట్టి కట్టాలి. తేడా వందలకూ వేలకూ మధ్య, ఒక్కోసారి లక్షలకూ మధ్య.

మరి ఏది వర్తిస్తుందో ఎలా తేలుస్తారు? 1980లో నీలావతి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది: ఫీజు విషయంలో దావా పత్రంలో వాది రాసిందే చూడాలి. ఉమ్మడి ఆస్తిలో ఒకరు సాగు చేస్తున్నా అది అందరి స్వాధీనం కిందికే వస్తుంది. పంటలో భాగం ఇవ్వనంత మాత్రాన వెళ్లగొట్టినట్టు కాదు. ఇక 1961లోనే ఇంకో తీర్పులో, ఫీజు అనేది వాదికీ ప్రభుత్వానికీ మధ్య విషయమని, దాన్ని అడ్డం పెట్టుకుని ప్రతివాది దావాను సాగదీయరాదని చెప్పింది.

అభ్యంతరం అసలే చెప్పకూడదని కాదు. "నన్ను పూర్తిగా వెళ్లగొట్టారు, హక్కే లేదన్నారు" అని వాదే రాసుకుని స్థిర ఫీజు కడితే అడగొచ్చు. సాక్ష్యాలు మొదలుకాక ముందే అడగాలి. ఫీజు తక్కువని తేలినా దావా వెంటనే పోదు. మిగతాది కట్టడానికి కోర్టు గడువిస్తుంది. గడువులో కట్టకపోతేనే పోతుంది.

అక్కచెల్లెళ్లారా, దావా పత్రం మీద సంతకం పెట్టే ముందు చదివించుకుని వినండి. స్వాధీనం గురించి ఉన్నది ఉన్నట్టు రాయించండి. ఆడవాళ్లకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా న్యాయ సేవాధికార సంస్థ ఉచిత సాయం చేస్తుంది. లోక్ అదాలత్‌లో రాజీ పడితే కట్టిన ఫీజు తిరిగి వస్తుంది.

మేము అక్కడే రాజీ పడ్డాం. సర్వే చేయించి గట్టు వేశాం. ఆమె వాటా ఇప్పుడు నేనే కౌలుకు చేస్తున్నాను, ఏటా కౌలు లెక్కగట్టి ఇస్తున్నాను. పోగొట్టుకున్నది ఏడాది పైన కాలం, లాయర్ల ఖర్చు, రెండు రాఖీ పండగలు. ఆ పండగలే తిరిగి రావు.

భూమి కోసం ప్రభుత్వంతో పోరాడే మనం, ఇంటి ఆడబిడ్డ హక్కు దగ్గర మాట మార్చకూడదు.