సాయినాథ్ చూసిన కరువు

(మనుబోలులో జరిగిన విశ్రాంత ఉద్యోగుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



పత్రికా రచయితల పుస్తకాల గురించి మాట్లాడమన్నారు. నేను పాలగుమ్మి సాయినాథ్ గారు 1996లో ఇంగ్లీషులో వెలువరించిన 'ఎవ్రీబడీ లవ్స్ ఎ గుడ్ డ్రౌట్' ఒక్కటే తీసుకుంటాను. మంచి కరువంటే అందరికీ ఇష్టమేనని ఆ పేరుకు అర్థం. కరువు నిధుల బిల్లులు చూసిన మనకు వేరే వివరించనక్కరలేదు.

ఆయన అయిదు రాష్ట్రాలలోని కడు పేద జిల్లాలు తిరిగారు. అందులో సుమారు 5,000 కిలోమీటర్లు కాలినడకే! "తగు చర్య తీసుకొనడమైనది" అన్న కాగితం అవతల ఏం జరిగిందో వెళ్ళి చూశారు. ఒరిస్సాలోని ఖరియార్ ప్రాంతంలో మేలుజాతి పశువుల పథకమని ఊరి ఆంబోతులన్నిటికీ విత్తులు కొట్టించారట. రెండేళ్ళు, రెండు కోట్లు ఖర్చయ్యాక పుట్టినవి ఎనిమిది బక్క దూడలు. ఫైలులో మాత్రం లోటేమీ ఉండి ఉండదు.

అలాగని అంతా ఏడుపు కాదు. తమిళనాడులోని పుదుక్కోట్టైలో అక్షరాస్యతా ఉద్యమం వెంట లక్షమందికి పైగా పల్లె స్త్రీలు సైకిలు నేర్చిన వైనం చదువుతుంటే నాకు మన దూబగుంటే గుర్తుకు వచ్చింది. రాత్రి బడిలో అక్షరాలు దిద్దిన ఆడవాళ్ళే అక్కడ సారాపై తిరగబడ్డారు. 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతటా సారా నిషేధం వచ్చింది. ఆనాటి జిల్లా పేజీలు చాలావరకు పకోడీ పొట్లాలైపోయాయి.

ఆ రాత్రి బడులతో సంబంధమున్న టీచర్లు, గ్రామోద్యోగులు మనలో ఉండే ఉంటారు. దుకాణం ముందు మొదట ఎవరు నిలబడ్డారో, ఇంటికెళ్ళాక ఏ మొగుడు ఏమన్నాడో వారికి తెలుసు. సభ అయ్యాక నా దగ్గరికి రండి. కాగితం, కలం తెచ్చుకున్నాను. మీరు చెప్పండి, నేను వ్రాసుకుంటాను.