తోటరాముడి తల్లి ఎవరు?

(కంకిపాడులో మహిళా కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఇక్కడి నుంచి బందరు రోడ్డు మీద ఉయ్యూరు దాటి పామర్రు వెళ్తే ఆ దగ్గర్లోనే నిమ్మకూరు, ఎన్.టి. రామారావుగారి ఊరు. 'పాతాళభైరవి'లో ఆయన వేసిన తోటరాముడు తెలియనివాళ్లు మీలో ఉండరు. తోటరాముడి తల్లిగా వేసిన ఆమె పేరు ఎంతమందికి తెలుసు? ఆమె సురభి కమలాబాయి. తెలుగు టాకీకి తొలి కథానాయిక.

హెచ్.ఎం. రెడ్డి దర్శకత్వంలో 'భక్త ప్రహ్లాద' బొంబాయిలో తయారై 1932 ఫిబ్రవరి 6న విడుదలైంది. అందులో ఆమె ప్రహ్లాదుడి తల్లి లీలావతి. అదే ఏడు 'పాదుకా పట్టాభిషేకం', 'శకుంతల' వచ్చాయి. అప్పటికి నేపథ్యగానం లేదు. నటిస్తూనే మైకుకు అందేలా పాడాలి. ఆ నేర్పు స్టూడియో ఇచ్చింది కాదు. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో మొదలైన కుటుంబ నాటక సమాజాలు ఇచ్చింది. అక్కడ తల్లులూ కోడళ్లూ పిల్లలూ అందరూ రంగస్థలం మీద పనిచేసేవారు.

ఇక్కడ కాస్త ఆగాలి. ఆ రోజుల్లో మిగతా నాటకరంగంలో స్త్రీ పాత్రలు ఎక్కువగా పురుషులే వేసేవారు. సత్యభామగా స్థానం నరసింహారావుగారిని జనం నెత్తిన పెట్టుకున్నారు. 1956లో పద్మశ్రీ వచ్చింది. ఆయన ప్రతిభను తక్కువ చేయడం నా ఉద్దేశం కాదు. కానీ మగవాడు చీర కడితే కళ అయింది. ఆడది అదే చీరతో రంగమెక్కితే చెడిపోయిందన్నారు. 'వేషాలేస్తోంది' అన్న తిట్టు ఇప్పటికీ మన ఊళ్లలో ఉంది. ఈ సభకు బయల్దేరుతుంటే మీలో ఎంతమందికి తగిలిందో మీకే తెలుసు! తీరా టాకీ వచ్చేసరికి దానికి కావలసిన గొంతూ పద్యమూ జంకులేనితనమూ ఆ తిట్లు తిన్న స్త్రీల దగ్గరే సిద్ధంగా ఉన్నాయి.

1951లో 'పాతాళభైరవి' నాటికి కమలాబాయికి నలభై దాటాయి. అటూ ఇటూగా నా వయసే. పరిశ్రమ లెక్కలో అప్పటికే ఆమె ముసలి తల్లి. రామారావుగారు యాభై దాటాక కూడా కథానాయకుడే. నటన కూడా శ్రమే అనుకుంటే, ఒకే పనిలో స్త్రీకీ పురుషుడికీ పని చేయగల కాలాన్ని ఇలా వేరువేరుగా కొలిచేది ఎవరు?

1971లో ఆమె మరణించారు. 'భక్త ప్రహ్లాద' ఒక్క ప్రతి కూడా మిగల్లేదు. అది 1931 సెప్టెంబరు 15న విడుదలైందని చాలాకాలం రాస్తూ వచ్చారు. రెంటాల జయదేవ నాటి ఆధారాలు వెతికి సరిదిద్దారు. తేదీ కోసం పడ్డ ఆ శ్రమ మెచ్చుకోదగ్గదే. నటి పని గురించీ అంత పట్టుదలగా వెతకాలంటాను.

మీరు తిరిగే ఊళ్లలో నాటకాలాడిన వృద్ధ స్త్రీలు తారసపడతారు. ఏ పాత్ర వేశారన్న దగ్గరే ఆగవద్దు. రాత్రికి ఎంత ఇచ్చేవారు, ఎవరి చేతికిచ్చేవారు, కాన్పయ్యాక ఎన్నాళ్లకు మళ్లీ రంగమెక్కారు, చంటిబిడ్డను ఎవరు చూశారు, అన్నీ అడగండి. 'మనకు తెలియని మన చరిత్ర' (1986) కోసం స్త్రీశక్తి సంఘటన తెలంగాణ పోరాట స్త్రీల దగ్గర కూర్చున్నట్టు కూర్చోండి. వాళ్లు సరేనంటే ఫోనులో రికార్డు చేయండి. కళాకారుల పింఛను వస్తోందా, రాకపోతే ఏ కాగితం దగ్గర ఆగిందో కూడా రాసుకోండి.